రెండు పెట్టెల పాఠం

నాకు అరబ్బీ నేర్పింది బజారు కాదు, ఇటలీ. ఎవరితో అన్నా నవ్వుతారు. నవ్వితే నవ్వనీ, జరిగింది అదే.

రాయచోటి పక్క పల్లెలో ఇంటర్ దాకా చదివి, ఆపైన చదివించే దిక్కు లేక కువైట్‌కు ఇంటిపనికి వెళ్ళినదాన్ని నేను. మా మామా ఇల్లు అబూ హలీఫాలో, సముద్రానికి దగ్గరలో ఉండేది. అక్కడ ఇంటి యజమానురాలిని మేం మామా అనే పిలుస్తాం. ఆమె ఆడపిల్లల హైస్కూల్లో చరిత్ర చెప్పేది. రేపు క్లాసులో చెప్పబోయే పాఠాన్ని ముందురోజు సాయంత్రం వంటింట్లో పైకి చెప్పి చూసుకోవడం ఆమె అలవాటు. ఎదురుగా ఒక మనిషి కూర్చుని వింటే తప్ప ఆమెకు మాట సాగేది కాదు. భర్తకు ఓపిక లేదు, కొడుక్కి బంతాట తప్ప ఇంకోటి పట్టదు. ఇక మిగిలింది ఉల్లిపాయలు తరుగుతూ కూర్చున్న నేను. అట్లా నాకు ఉప్పు, పప్పు అనే మాటలకంటే ముందు సంధి, రాజ్యం, తిరుగుబాటు అనే మాటలు వచ్చేశాయి. ఒకసారి చేపలవాడు బేరానికి దిగిరాకపోతే "ఇది అన్యాయమైన ఒడంబడిక" అన్నాను. వాడు త్రాసు కింద పెట్టి మరీ నవ్వాడు.

మేం మాట్లాడుకున్నదంతా అరబ్బీలోనే. నా మాటలు మాత్రం నా నోటికి పుట్టిన యాసలో రాస్తున్నాను. నాకవి అట్లాగే గుర్తున్నాయి.

అన్ని పాఠాల్లోకీ ఆమెకు ఇష్టమైనది ఇటలీ ఏకీకరణ. భోజనాల గదిలో గోడకు ఇటలీ పటం ఉండేది, ఆమె స్వయంగా రంగులేసింది. ఉత్తరాన ఆస్ట్రియావాళ్ళ పెత్తనం, మధ్యలో పోప్ రాజ్యం, దక్షిణాన నేపుల్స్ రాజు. ఒకే జనం, ఇన్ని సరిహద్దులు. వాటిని చెరిపెయ్యాలని కలగన్నవాళ్ళు మూడు రకాలని చెప్పేది. మొదటివాడు దేశం నుంచి వెళ్ళగొట్టబడ్డ ఒక లాయరు. రాజులెవరూ వద్దు, జనం చదువుకుని, తామంతా ఒకటని తామే అనుకోవాలి అన్నాడు. రెండోవాడు ఉత్తరాన పీడ్మాంట్ అనే రాజ్యానికి మంత్రి. కలలతో పని జరగదు, సైన్యమూ సంధులూ కావాలి, మా రాజు కిందే అందరూ కలవాలి అన్నాడు. మూడోవాడు ఎర్ర చొక్కాల దండుతో పడవెక్కి సిసిలీలో దిగి, దక్షిణాన్నంతా గెలిచి, గెలిచినదాన్ని తెచ్చి ఆ రాజు చేతిలో పెట్టినవాడు.

ఫ్రాన్సు సాయం చేసినందుకు ఆ మంత్రి సవాయ్, నీస్ అనే రెండు సీమల్ని ఫ్రాన్సుకు ఇచ్చేశాడని చెప్పినప్పుడు నాకు ఒళ్ళు మండింది. "మమ్మల్నీ అట్లే ఇచ్చేసినారు మామా! సైన్యం ఖర్చుల కింద నిజాం మా సీమను ఇంగ్లీషోళ్ళకి రాసిచ్చినాడంట. మా తాతల్ని అడిగిన పాపాన పోయినోడు లేడు" అన్నాను. ఆమె పకపకా నవ్వి, ఆ పూట నుంచి నన్ను "నీస్ పిల్లా" అని ఆటపట్టించేది.

కానీ నేపుల్స్ దగ్గరికి వచ్చేసరికి ఆమెకు నవ్వు ఉండేది కాదు. దక్షిణాన్ని గెలిచాక జనాన్ని ఓటు అడిగారు, రాజు కిందికి వస్తారా రారా అని. బల్ల మీద రెండు పెట్టెలు బాహాటంగా పెట్టారు. ఒకటి అవును, ఒకటి కాదు. ఎవడు ఏ పెట్టెలో చెయ్యి పెడుతున్నాడో అందరికీ కనబడుతుంది. పక్కన సైనికులు నిలబడి ఉన్నారు. "చెప్పు, నువ్వైతే ఎందులో వేస్తావు?" అని అడిగేది. "సైనికుడి మొహాన వేస్తా" అనేదాన్ని నేను. నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది, ఏం చేస్తాం.

ఇది ఆమెకు ఉత్త పాఠం కాదు. కైరోలో చదివే రోజుల్లో అరబ్బులంతా ఒక్కటవుతారని గుండెల నిండా నమ్మిన మనిషి. ఈజిప్టు, సిరియా కలిసినప్పుడు హాస్టలంతా మిఠాయి పంచిందట. అవి విడిపోయినప్పుడు అన్నం ముట్టలేదట. ఏదో ఒక అరబ్బు దేశం పీడ్మాంట్ అవుతుందని, మిగతావన్నీ దాని చుట్టూ చేరతాయని ఆ కాలంలో పెద్ద పెద్దవాళ్ళే అనేవారని చెప్పింది.

ఆ పీడ్మాంట్ ఆగస్టు ఎండల్లో ట్యాంకులెక్కి మా వీధిలోకి వచ్చింది.

ఇరాక్ సైన్యం దిగిన కొన్నాళ్ళకే రేడియో వేరే పాట ఎత్తుకుంది. ఇక కువైట్ అనే దేశమే లేదు, ఇది ఇరాక్‌లో ఒక జిల్లా, విడదీసిన కొమ్మ మళ్ళీ మొదలుకు చేరింది, ఇంగ్లీషువాడు గీసిన గీత చెరిగిపోయింది అని. మామా రేడియో ముందు నిలబడి వింది. అవన్నీ ఆమె మాటలే. వయసులో ఉన్నప్పుడు ఆమె నమ్మిన మాటలే. పెళ్ళికని పెట్టెలో దాచుకున్న చీరను దొంగ కట్టుకుని ఎదురొస్తే ఎట్లా ఉంటుందో అట్లా ఉంది ఆమె మొహం. "నన్ను నేనే చెంపదెబ్బ కొట్టుకున్నట్టుంది బింతీ" అంది. బింతీ అంటే బిడ్డా అని.

భర్త పని మీద కైరో వెళ్ళి అక్కడే చిక్కుకుపోయాడు. ఇంట్లో మేం ముగ్గురం. ఆమె, నేను, ఆమె ఒక్కగానొక్క కొడుకు. నేను వెళ్ళినప్పుడు వాడికి మీసం మొలవలేదు. ఇప్పుడు యూనివర్సిటీ చదువు. బంతాట పోయి వాడికి వేరే పిచ్చి పట్టుకుంది. స్నేహితులతో కలిసి వీధి బోర్డులకు, ఇంటి నంబర్లకు సున్నం పూసేవాడు, వచ్చినవాడికి ఏ ఇల్లు ఎవరిదో తెలియకుండా. దొరికితే కాల్చేస్తారు. మగపిల్లల్ని ఇళ్ళలోంచి ఈడ్చుకుపోతున్నారు, పోయినవాడి కబురు మళ్ళీ రావడం లేదు. అందుకని పగలంతా వాడిని మేడ మీద నా గదిలో దాచేవాళ్ళం. నా మంచం కింద సున్నం డబ్బా. ఇంట్లో మాకున్న భయమల్లా ఒక్కటే, వాడు వాళ్ళ కంట పడకూడదు.

పక్కింటి డ్రైవర్ కూడా మా రాయచోటి వైపువాడే. "అక్కా, మనోళ్ళంతా బాగ్దాద్ మీదుగా అమ్మాన్‌కు పోతాండారు. ఆడ్నుంచి మన ఇమానాలంట. ఇండియా వాళ్ళనేం అంటల్యా వీళ్ళు. ఇంకా ఈడ ఏముందని కూచ్చుండావు?" అని గోడ మీదుగా రోజూ పోరేవాడు. నేను ఇంకో బస్సు, ఇంకో బస్సు అని దాటవేస్తూ వచ్చాను. భయం లేక కాదు. ఆ తల్లీకొడుకుల్ని అట్లా వదిలేసి పోవడానికి కాళ్ళు రాలేదు.

ఒక మిట్టమధ్యాహ్నం తలుపు దబదబా బాదారు. ఒక ఆఫీసరు, వెనక ఇద్దరు సైనికులు. కొడుకు పరుగున మేడెక్కి నా గదిలో దూరాడు. మామా తలకు గుడ్డ చుట్టుకుని తలుపు తీసింది. సైనికులు మెట్ల వైపు చూస్తున్నారు. ఆఫీసరుకు నడివయసు, కళ్ళద్దాలు, చొక్కా వదులు. సైనికుల్ని గుమ్మం దగ్గరే ఆపి, లోపలికొచ్చి గోడ మీది ఇటలీ ముందు ఆగిపోయాడు.

"మీరే గదా చరిత్ర టీచర్?" అన్నాడు. "నేనూ అదే. మోసుల్‌లో. నన్ను పిలిపించి ఈ బట్టలు తొడిగారు."

గడప దాటి కూర్చున్నవాడికి, పగవాడైనా సరే, కాఫీ పొయ్యకుండా ఉండడం అక్కడ లేదు. మామా కళ్ళతో సైగ చేసింది. నేను ఏలకుల కాఫీ చిన్న కప్పులో పోసి అతని ముందు పెట్టాను. అతను కప్పు తీసుకుని, తాగకుండా, మెల్లగా కింద పెట్టేశాడు.

అట్లా పెట్టడం ఏమిటో నాకు తెలుసు. పిల్లనడగడానికి వచ్చిన పెద్దమనుషులు పెట్టగా చూశాను. నాకొక కోరిక ఉంది, అది తీరుస్తానంటేనే నీ కాఫీ తాగుతాను అని దాని అర్థం. ఇంటివాళ్ళు "కాఫీ తాగండి" అంటే ఒప్పుకున్నట్టే. ఆ మాట అన్నాక వెనక్కి తీసుకోవడం చావుతో సమానం వాళ్ళకు.

"బళ్ళు తెరిచాం" అన్నాడతను. "పిల్లలూ రారు, టీచర్లూ రారు. నా ప్రాంతంలో బడి నడవకపోతే పైవాళ్ళు నా మెడ మీద కూర్చుంటారు. రేపు మీరు వచ్చి పాఠం చెప్పాలి. ఈ పాఠమే." వేలితో పీడ్మాంట్ చూపించాడు. "ఇంతకంటే మంచి పాఠం ఏముంటుంది ఇప్పుడు? ముక్కలైన జనాన్ని ఒక బలమైన రాజ్యం కలిపింది. మీకు నేను చెప్పాలా!"

"పీడ్మాంట్ ఓటు అడిగింది" అంది మామా.

"అడిగింది. ఎట్లా అడిగిందో మీకూ తెలుసు, నాకూ తెలుసు."

"ఆ మాత్రం పెట్టెలు కూడా మీరు తేలేదు."

అయిపోయింది అనుకున్నాను. ఏం మనిషమ్మా ఈమె, పైన కన్నకొడుకుని పెట్టుకుని! ఆఫీసరు కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. మొహంలో నవ్వు లేదు. గుమ్మంలో ఒక సైనికుడు "సర్, మేడ మీద చూడమంటారా?" అన్నాడు. ఆఫీసరు అటు తిరగలేదు. మామా మొహంకేసే చూస్తున్నాడు. కప్పు వాళ్ళిద్దరి మధ్యా అట్లాగే ఉంది. పైన ఏదో చిన్న చప్పుడైంది, నేను గబుక్కున సింకులో గిన్నెలు పడేశాను. నా చేతిలో కాఫీ కెటిల్ ఉంది. దాన్ని అతని నెత్తిన గుమ్మరించాలన్నంత కోపం, మేడ మెట్లకు అడ్డంగా పడుకోవాలన్నంత భయం, రెండూ ఒక్కసారే వచ్చాయి.

కాఫీ మీద మీగడలాంటి పొర కట్టింది. చివరికి మామా తల ఎత్తి, పైఅంతస్తుకు కూడా వినబడేంత స్పష్టంగా, క్లాసులో చెప్పే గొంతుతో అంది.

"కాఫీ తాగండి."

అతను ఒక్క గుక్కలో తాగేసి లేచాడు. సైనికుడితో "పైన చూసేదేం లేదు, పద" అన్నాడు. తలుపు మూసుకోగానే మామా నేల మీద కూలబడింది. వాడు మెట్లు దిగి వచ్చి, తల్లి పక్కన కూర్చోకుండా, ఎదురుగా నిలబడ్డాడు. ఆ మాట విన్నాడని వాడి మొహం చూస్తే తెలిసింది.

మర్నాడు పొద్దున ఆమె బడికి బయల్దేరుతుంటే వాడు గుమ్మానికి అడ్డం నిలబడ్డాడు.

"యుమ్మా, పోవద్దు" అన్నాడు. అమ్మను అక్కడ అట్లాగే పిలుస్తారు.

"మాటిచ్చాను."

"తుపాకీ పక్కన పెట్టుకుని అడిగితే అది అడగడమే కాదని చెప్పేదానివి. చిన్నప్పటి నుంచి ఈ గోడల అవతల కూర్చుని వింటూనే ఉన్నాను. నేపుల్స్‌వాళ్ళని చూసి జాలిపడేదానివి కదా! మరి నువ్వేం చేశావు?"

వాడు ఆ పాఠాలు విన్నాడని మాకు అప్పుడే తెలిసింది. ఆమె సంచి భుజానికి తగిలించుకుంది. "వాళ్ళు చేసిందే చేశాను. వాళ్ళకూ ఇంట్లో కొడుకులున్నారని నాకు నిన్నటిదాకా తోచలేదు. అడ్డం లే."

వాడు కదల్లేదు. నాకు తిక్క లేచింది. "ఏం పిల్లోడివిరా నువ్వు! నీ పానం కోసం గదరా మీ అమ్మ ఆ ఇసం మింగింది! ఆమె పోకపోతే వాడు మళ్ళీ ఈడికే వస్తాడు. అప్పుడు నీ సున్నం డబ్బా ఎవుని నెత్తిన బెడ్తావు? పో, పైకి పో!" అని రెక్క పట్టి లాగేశాను. వాడు నన్నెప్పుడూ ఎదిరించలేదు. ఆ రోజూ ఎదిరించలేదు. పక్కకు తప్పుకున్నాడు. అన్నం మూతపెట్టి ఉంచాను, ఎవరొచ్చినా తలుపు తియ్యొద్దు అని చెప్పి ఆమె వెంట నేనూ వెళ్ళాను. చెక్‌పోస్టుల దగ్గర పక్కన ఇండియన్ ఉంటే అంతగా ఆపరని.

దారంతా నేను బతిమాలుతూనే ఉన్నాను. "మామా, ఎర్ర చొక్కాల దాకా చెప్పి ఆపేయ్. పెట్టెల జోలికి పోవద్దు. బలవంతపు బ్రాహ్మణార్థమే అనుకో, ఏదో ఇంత చెప్పేసి వచ్చేద్దాం." ఆమె "సరే" అంది. నిజంగానే సరే అంది. ఆపేయాలనే బయల్దేరింది.

బడిలో పట్టుమని పదిమంది పిల్లలు లేరు. వచ్చినవాళ్ళు తల్లిదండ్రులు భయపడి పంపినవాళ్ళు. ఆఫీసరు చివరి బెంచీలో కూర్చున్నాడు. ఆడపిల్లల క్లాసులో పరాయి మగవాడు కూర్చోవడం ఆ ఊళ్ళో కనీ వినీ ఎరగం. పిల్లలు తలగుడ్డలు కిందికి లాక్కుని బిగుసుకుపోయారు. నేను తలుపు పక్కన కుర్చీలో కూర్చున్నాను.

ఆమె మొదలుపెట్టింది. లాయరు వచ్చాడు, మంత్రి వచ్చాడు, పడవలు సిసిలీ చేరాయి, నేపుల్స్ రాజు పారిపోయాడు. "తర్వాత దక్షిణం కూడా రాజ్యంలో కలిసింది" అని సుద్దముక్క కింద పెట్టేసింది. అమ్మయ్య అనుకున్నాను. అప్పుడు ముందు బెంచీలోని ఒక పిల్ల చెయ్యెత్తింది. మెరుపులాంటి కళ్ళు, పన్నెండు పదమూడేళ్ళు ఉంటాయేమో.

"టీచర్, అక్కడివాళ్ళు కలుస్తామన్నారా?"

అన్నారు అంటే సరిపోయేది. అబద్ధం కూడా కాదు. మామా ఆ పిల్లకేసి చూసింది. నేను కుర్చీ అంచు పట్టుకుని "అను, అను, అన్నారని అను" అని లోపల్లోపల మొక్కుకుంటున్నాను. చివరి బెంచీ వైపు ఆమె చూడనే లేదు.

"కూర్చో తల్లీ, చెబుతాను" అంది. చెప్పింది. బల్ల మీది రెండు పెట్టెల గురించి, పక్కన నిలబడ్డ సైనికుల గురించి. "అవును అన్నవాళ్ళు లక్షలకు లక్షలు. కాదన్నవాళ్ళు కొద్దిమంది. అవునన్నవాళ్ళలో మనసారా అన్నవాళ్ళూ ఉన్నారు, అది మరిచిపోకండి. ఆ కల దొంగది కాదు, దానికోసం జైళ్ళలో చచ్చినవాళ్ళున్నారు. కానీ భయంతో అన్నవాళ్ళెవరో, ప్రేమతో అన్నవాళ్ళెవరో ఆ పెట్టె చెప్పదు. అది తెలుసుకోవాలని రాజుకూ లేదు. తర్వాత దక్షిణాన పల్లెలు తిరగబడితే దొంగలని పేరుపెట్టి కాల్చారు. ఒకటవ్వడం అంటే ఒకరు ఇంకొకరి ఇంట్లోకి వచ్చి కూర్చోవడం కాదు. అడగాలి. చేతిలో ఏమీ లేకుండా అడగాలి. కాదంటే తిరిగి వెళ్ళిపోగలగాలి. నన్ను అడిగితే..." అని ఆగింది. "నన్ను అట్లా అడిగితే, నేను కాదంటాను."

ఆఫీసరు లేచి, నడిచి ముందుకొచ్చాడు. అతను పిల్లల్ని "ఇళ్ళకు పొండి" అన్నాడు. వాళ్ళు పోయాక చాలా తక్కువ గొంతుతో, "నేను మా ఊళ్ళో ఈ పాఠం ఏళ్ళ తరబడి చెప్పాను. పెట్టెల సంగతి రాగానే గంట కొట్టేదాకా వేరే ఏదో చెప్పేవాణ్ణి" అన్నాడు. "మీకు ఒంట్లో బాగాలేదు. రేపట్నుంచి రావద్దు. మీ ఇంటికి నా మనుషులెవరూ రారు. ఖలాస్, ఇక్కడితో అయిపోయింది, వెళ్ళండి."

కారులో ఆమె ఏడ్చింది, నవ్వింది. "ఇంటికెళ్ళి వాడికి చెప్పాలి" అంది. "వాడికి నువ్వు చెప్పు. నేను చెబితే గొప్పలు అనుకుంటాడు. నువ్వు విన్నావుగా! ఒక్క ముక్క వదలకుండా చెప్పు." నేను దారంతా ఆ మాటల్ని వరస తప్పకుండా మనసులో చెప్పుకుంటూ వచ్చాను.

ఇంట్లో అన్నం మీద మూత తీయలేదు. నా గది తలుపు బార్లా తెరిచి ఉంది. మామా పేరుపెట్టి పిలుస్తూ గది గదీ తిరుగుతుంటే, గోడ అవతల నుంచి డ్రైవర్ నన్ను కేకేశాడు.

"అక్కా, మీరట్ల పోతానే పిల్లోడు గోడ దుంకినాడు. వద్దురా అంటాంటే ఇనల్యా. వీధి చివర జీపు ఆపినారక్కా. ఎక్కిచ్చుకుని పోయినారు. ఆళ్ళు ఈ ఆఫీసరోళ్ళు గాదు, వేరేవోళ్ళు."

"ఏమన్నా చెప్పినాడా?"

"గోడ మింద నిలబడి చెప్పినాడు. 'మా అమ్మకి చెప్పు, ఆమె అవునంది గానీ నేను కాదన్నానని చెప్పు' అన్నాడు."

ఈ మాటను ఆమెకు నేను అరబ్బీలోకి మార్చి చెప్పాలి. చెప్పాను. ఆమె గోడను పట్టుకుని "నేనూ కాదనే అన్నాను రా! నేనూ కాదనే అన్నాను!" అని వీధంతా వినబడేట్టు అరిచింది. నేనూ అరిచాను, తెలుగులో, నోటికొచ్చిన బూతులన్నీ, ఎవర్ని తిడుతున్నానో కూడా తెలియకుండా.

ఆఫీసరు మాట నిలబెట్టుకున్నాడు. మా ఇంటికి ఎవరూ రాలేదు. వాడు మేడ మీదే ఉండి ఉంటే వాడికేమీ అయ్యేది కాదు. కొన్ని వారాలకు ఆమే నన్ను బలవంతాన బస్సెక్కించింది. సైన్యం వెళ్ళిపోయాక మళ్ళీ ఆమె దగ్గరికే వెళ్ళాను. బస్రా వైపు తీసుకుపోయినవాళ్ళలో కొందరు తిరిగొచ్చారు, వాడు రాలేదు. ఆమె బతికున్నన్నాళ్ళూ నన్ను అప్పుడప్పుడూ పక్కన కూర్చోబెట్టుకుని, ఆ రోజు క్లాసులో తను అన్నవన్నీ నాచేత చెప్పించుకునేది. ఎక్కడైనా ఒక మాట తప్పితే సరిదిద్దేది. వాడొస్తే తప్పు చెప్పకూడదు కదా అనేది.

ఇప్పుడు ఆమె లేదు. నాకు మాత్రం ఒక్క మాట కూడా పోలేదు, చెప్పడానికి వాడే రాలేదు.